విడాకుల అప్పీలు మధ్యలో వదిలేస్తే.. మిగిలేది కింది కోర్టు తీర్పే

ఇచ్ఛాపూర్ (సూరత్): విడాకుల కేసులో కుటుంబ న్యాయస్థానం తీర్పు వెలువడుతుంది. ఓడిపోయిన పక్షం హైకోర్టులో అప్పీలు దాఖలు చేస్తుంది. తొలి వాయిదాలకు న్యాయవాది హాజరవుతారు. ఆ తర్వాత ఫీజు అందదు, ఫోను నంబరు మారుతుంది, అప్పీలుదారు మరో ఊరికి పనికి వెళ్లిపోతారు. కొన్నేళ్లకు కేసు విచారణ జాబితాలోకి వస్తుంది. పిలిచినప్పుడు పలికేవారు ఉండరు. అప్పీలును కొనసాగించడంలో ఆసక్తి చూపడం లేదంటూ ధర్మాసనం దాన్ని కొట్టివేస్తుంది. ఉత్తర్వు నాలుగైదు వాక్యాలకు మించదు. కానీ ఆ నాలుగైదు వాక్యాలు ఒక వివాహం నిలిచిందో, ముగిసిందో తేల్చేస్తాయి.

ఆస్తి తగాదాలోనో, బాకీ వసూలు కేసులోనో అప్పీలు ఇలా కొట్టివేతకు గురైతే నష్టం సొమ్ముకు పరిమితం. వైవాహిక వివాదంలో అలా కాదు. వ్యక్తి హోదా, పునర్వివాహ హక్కు, భరణం, వారసత్వం, పిల్లల భవిష్యత్తు అన్నీ ఆ ఉత్తర్వుతో ముడిపడి ఉంటాయి. వాయిదాకు రాని వ్యక్తికే కాదు, ఏళ్ల తరబడి ఎదురుచూస్తున్న అవతలి పక్షానికీ, ఒక్కోసారి ఆ తర్వాత జరిగిన పెళ్లిలోని మూడో వ్యక్తికీ దాని ప్రభావం తప్పదు. అందుకే ఈ కొట్టివేతల వెనుక ఉన్న చట్టాన్ని వివరంగా పరిశీలించవలసి ఉంది.

పని ఒకచోట, కోర్టు మరోచోట

సూరత్ నగరం నుంచి హజీరా పారిశ్రామిక ప్రాంతానికి వెళ్లే దారిలో ఇచ్ఛాపూర్ ఉంది. ఉక్కు, ఎరువులు, సహజవాయువు, భారీ యంత్రాల కర్మాగారాలు ఆ చుట్టుపక్కలే విస్తరించాయి. రత్నాభరణాల తయారీకి ప్రత్యేకించిన పారిశ్రామిక పార్కు కూడా ఇచ్ఛాపూర్‌లోనే ఉంది. దేశం నలుమూలల నుంచి కార్మికులు ఈ ప్రాంతానికి వస్తుంటారు. సూరత్ మరమగ్గాల పేటల్లో తెలంగాణ జిల్లాల నుంచి వలస వచ్చి స్థిరపడిన పద్మశాలి కుటుంబాలు తరాలుగా ఉన్నాయి. తెలుగువారికి సూరత్ కొత్త ఊరేమీ కాదు.

ఇలాంటి వలస కేంద్రంలో వైవాహిక వివాదం తలెత్తితే అది ఒకే ఊరికి పరిమితం కాదు. భర్త సూరత్‌లో ఉంటే భార్య పుట్టిల్లు సిరిసిల్లలోనో, నల్లగొండలోనో ఉండవచ్చు. సూరత్ కోర్టులో కేసు నడిచినా, అప్పీలు మాత్రం అహ్మదాబాద్‌లోని గుజరాత్ హైకోర్టుకు వెళ్లవలసిందే. ఇచ్ఛాపూర్ నుంచి అహ్మదాబాద్ 250 కిలోమీటర్లకు పైగా దూరం. పేరులో పోలిక ఉన్న శ్రీకాకుళం జిల్లా ఇచ్ఛాపురం వారి పరిస్థితి మరింత కష్టం. అక్కడి నుంచి అమరావతిలోని ఆంధ్రప్రదేశ్ హైకోర్టుకు 500 కిలోమీటర్లకు పైగా ప్రయాణించాలి. దినసరి కూలికి ఒక్క వాయిదా అంటే రెండు మూడు రోజుల వేతనం పోగొట్టుకోవడమే.

ఈ వాస్తవాన్ని న్యాయవ్యవస్థ గుర్తించకపోలేదు. హిందూ వివాహ చట్టం కింద అప్పీలుకు తొలుత 30 రోజుల గడువే ఉండేది. దేశంలోని దూరాలు, భౌగోళిక పరిస్థితులు, కక్షిదారుల ఆర్థిక స్థితి దృష్ట్యా ఆ గడువు చాలదని, దాన్ని 90 రోజులకు పెంచాలని 2002లో సుప్రీంకోర్టు సూచించింది. పార్లమెంటు 2003లో చట్టాన్ని సవరించి ఆ సూచనను అమలు చేసింది. అయితే ఆ సవరణ మేలు చేసింది అప్పీలు వేసే దశకే. వేసిన అప్పీలును ఏళ్ల తరబడి మోసే దశలో అదే దూరం, అదే పేదరికం అడ్డుగోడలుగా మిగిలాయి.

కుటుంబ న్యాయస్థానాల చట్టం, 1984లో అప్పీలు గడువు ఇప్పటికీ 30 రోజులుగానే ఉంది. రెండు చట్టాల మధ్య ఈ తేడాపై పలు హైకోర్టులు విచారణ జరిపాయి. హిందూ వివాహ చట్టం కింద ఇచ్చిన డిక్రీలకు 90 రోజుల గడువే వర్తిస్తుందని బొంబాయి హైకోర్టు పూర్తి ధర్మాసనం 2016లో తేల్చింది. అయినా 30 రోజులలోపే అప్పీలు దాఖలు చేసుకోవడం కక్షిదారుకు క్షేమం.

కొట్టివేత అంటే తీర్పు కాదు

అప్పీలుదారు రానప్పుడు కోర్టు ఏం చేయాలో సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డరులోని 17వ నియమం చెబుతుంది. విచారణకు నిర్ణయించిన రోజున కేసు పిలిచినప్పుడు అప్పీలుదారు గానీ, ఆయన తరఫు న్యాయవాది గానీ హాజరు కాకపోతే అప్పీలును కొట్టివేయవచ్చు. 'కొట్టివేయవచ్చు' అన్నారే తప్ప 'కొట్టివేయాలి' అనలేదు. కోర్టుకు ఇక్కడ విచక్షణ ఉంది. కేసును వాయిదా వేయవచ్చు, కక్షిదారుకు నేరుగా నోటీసు పంపవచ్చు, న్యాయ సహాయ న్యాయవాదిని నియమించవచ్చు.

ఈ నియమానికి 1976 సవరణలో ఒక వివరణ చేర్చారు. అప్పీలుదారు లేనప్పుడు కోర్టు అప్పీలును గైర్హాజరు కారణంగా మాత్రమే కొట్టివేయగలదు. కేసు బాగోగుల్లోకి వెళ్లి, వాదనలో పస లేదని తేల్చి తోసిపుచ్చే అధికారం దానికి లేదు. 1996లో సుప్రీంకోర్టు ఈ సంగతిని మళ్లీ స్పష్టం చేసింది. అప్పీలుదారు పక్షాన ఎవరూ లేని వేళ హైకోర్టు కేసు గుణదోషాలను చర్చించి తీర్పు చెప్పడం చెల్లదని పేర్కొంది.

ఈ తేడా సాంకేతికంగా కనిపించినా ఫలితం పెద్దది. గైర్హాజరు వల్ల కొట్టివేసిన అప్పీలును తగిన కారణం చూపి పునరుద్ధరించుకోవచ్చు. గుణదోషాలపై తీర్పు వచ్చాక ఆ దారి ఉండదు. సుప్రీంకోర్టును ఆశ్రయించడమో, సమీక్ష కోరడమో మిగులుతుంది. అందుచేత కొట్టివేత ఉత్తర్వు చేతికి అందగానే అందులో ఏం రాసి ఉందో చదువుకోవడం అవసరం.

గైర్హాజరు ఒక్కటే కాదు, మరికొన్ని కారణాలతోనూ అప్పీళ్లు విచారణకు రాకముందే రాలిపోతుంటాయి. అవతలి పక్షానికి నోటీసు పంపేందుకు చార్జీలు చెల్లించకపోవడం, సరైన చిరునామా ఇవ్వకపోవడం, రిజిస్ట్రీ చూపిన లోపాలను గడువులోగా సరిచేయకపోవడం వంటివి వాటిలో ఉన్నాయి. ఫలానా తేదీలోగా లోపాలు సరిచేయకుంటే మళ్లీ కోర్టు ముందుకు రాకుండానే అప్పీలు కొట్టివేసినట్లు పరిగణించాలని ముందే ఉత్తర్వు ఇచ్చే పద్ధతి కూడా ఉంది. అలాంటి సందర్భంలో తన కేసు ముగిసిపోయిన సంగతి కక్షిదారుకు నెలల తరబడి తెలియకపోవచ్చు.

ఎవరు వదిలేశారన్నదే కీలకం

అప్పీలు కొట్టివేతకు గురైతే కింది కోర్టు తీర్పు నిలుస్తుంది. ఆ తీర్పు ఏమిటన్న దాన్ని బట్టి ఫలితం పూర్తిగా తలకిందులవుతుంది.

మొదటి సందర్భంలో కింది కోర్టు విడాకులు మంజూరు చేసింది. వివాహం కొనసాగాలని కోరే పక్షం అప్పీలుకు వెళ్లింది. ఆ పక్షం మధ్యలో వదిలేస్తే విడాకులు ఖాయమవుతాయి. హైకోర్టు స్టే ఇచ్చి ఉంటే, అప్పీలుతో పాటే అదీ తొలగిపోతుంది.

రెండో సందర్భంలో కింది కోర్టు విడాకులు నిరాకరించింది. విడిపోవాలనుకున్న పక్షం అప్పీలు చేసి, తర్వాత రావడం మానేసింది. ఇక్కడ కొట్టివేత వల్ల వివాహం చట్టప్రకారం కొనసాగుతుంది. దంపతులు పదేళ్లుగా విడివిడిగా ఉంటున్నా సరే, వారు భార్యాభర్తలే. అప్పీలు పోయింది కాబట్టి ఇక అంతా ముగిసిందనుకుని మరో పెళ్లి చేసుకుంటే ఆ పెళ్లి చెల్లదు. హిందూ వివాహ చట్టంలోని 5, 11 సెక్షన్ల ప్రకారం అది ఆది నుంచే శూన్యం. భారతీయ న్యాయ సంహిత 82వ సెక్షన్ కింద ఏడేళ్ల వరకు జైలు శిక్షకూ అవకాశం ఉంది.

అవే ఆరోపణలతో మళ్లీ కొత్తగా విడాకుల పిటిషన్ వేయవచ్చా అన్నది సహజంగా తలెత్తే ప్రశ్న. గడువు మీరడం వంటి ప్రాథమిక కారణాలతో అప్పీలు కొట్టివేతకు గురైనా, కింది కోర్టు గుణదోషాలపై ఇచ్చిన తీర్పు స్థిరపడినట్లేనని 1966లో సుప్రీంకోర్టు ఒక కేసులో పేర్కొంది. అంటే ఒకసారి తేలిపోయిన అంశాన్ని తిరగదోడడం కుదరదు. అయితే తీర్పు తర్వాత జరిగిన కొత్త సంఘటనలు, కొత్తగా మొదలైన పరిత్యాగం, కొత్తగా ఎదురైన క్రూరత్వం వేరే కారణాలు అవుతాయి. వాటి ఆధారంగా తాజా పిటిషన్‌కు అడ్డు ఉండదు.

మూడో సందర్భం చాలామంది దృష్టికి రానిది. దాంపత్య హక్కుల పునరుద్ధరణకు కోర్టు డిక్రీ ఇస్తే, దానిపై వేసిన అప్పీలును అవతలి పక్షం వదిలేయవచ్చు. హిందూ వివాహ చట్టం 13(1ఎ) సెక్షన్ ప్రకారం అలాంటి డిక్రీ తర్వాత ఏడాది పాటు కాపురం సాగకపోతే అదే విడాకులకు ఆధారం అవుతుంది. ఈ దాంపత్య హక్కుల సెక్షన్ రాజ్యాంగ విరుద్ధమని 1983లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు సంచలన తీర్పు ఇచ్చింది. మరుసటి ఏడాదే మరో కేసులో సుప్రీంకోర్టు ఆ సెక్షన్ చెల్లుతుందని ప్రకటించింది. కనుక ఇలాంటి అప్పీలును నిర్లక్ష్యం చేసిన పక్షానికి ఏడాది తర్వాత విడాకుల పిటిషన్ రూపంలో కొత్త చిక్కు ఎదురుకావచ్చు.

పునర్వివాహానికి ఎప్పుడు దారి తెరుచుకుంటుంది?

విడాకుల డిక్రీ వచ్చిన వ్యక్తి మళ్లీ ఎప్పుడు పెళ్లి చేసుకోవచ్చో హిందూ వివాహ చట్టం 15వ సెక్షన్ నిర్దేశిస్తుంది. అప్పీలు హక్కు లేనప్పుడు, లేదా అప్పీలు దాఖలు కాకుండానే గడువు ముగిసినప్పుడు, లేదా దాఖలైన అప్పీలు కొట్టివేతకు గురైనప్పుడు పునర్వివాహం చట్టబద్ధం. ఎలాంటి కొట్టివేత అన్నది సెక్షన్‌లో చెప్పలేదు. గైర్హాజరు వల్ల జరిగిన కొట్టివేత కూడా కొట్టివేతే.

చిక్కు ఇక్కడే ఉంది. కొట్టివేసిన అప్పీలును తిరిగి పునరుద్ధరించే అవకాశాన్ని కూడా చట్టమే ఇచ్చింది. ఉదాహరణకు, ఇచ్ఛాపూర్‌లో పనిచేసే ఒక కార్మికుడికి విడాకులు మంజూరయ్యాయనుకుందాం. భార్య అప్పీలు చేసింది. ఆమె తరఫున ఎవరూ హాజరు కాకపోవడంతో అది కొట్టివేతకు గురైంది. రెండు నెలల తర్వాత అతడు మరో పెళ్లి చేసుకున్నాడు. ఆపై నెలకు మొదటి భార్య ఆలస్యాన్ని మన్నించాలని కోరుతూ పునరుద్ధరణకు దరఖాస్తు చేసింది. తనకు సమాచారమే అందలేదని ఆమె చెబితే, అందులో నిజం ఉంటే, కోర్టు ఆమె మాట వినవలసిందే. అలాగని చట్టం అనుమతించిన సమయంలో జరిగిన పెళ్లిని, అందులోని కొత్త భార్యను విస్మరించలేదు. ఇద్దరు స్త్రీల న్యాయమైన హక్కులు ఒకదానికొకటి ఎదురుపడే సందర్భం ఇది.

ఈ సెక్షన్‌ను సుప్రీంకోర్టు పలుమార్లు పరిశీలించింది. నిషేధకాలంలో జరిగినంత మాత్రాన రెండో పెళ్లి దానంతట అదే శూన్యం కాదని 1978లో తీర్పు ఇచ్చింది. అదే సమయంలో, విడాకులు గెలిచిన పక్షం తొందరపడకుండా, పైకోర్టులో అప్పీలు దాఖలైందో లేదో విచారించుకోవాలని 1988 నాటి మరో తీర్పులో హెచ్చరించింది.

ఢిల్లీ కేసు, హైదరాబాద్ కేసు

అప్పీలును వదులుకున్న పక్షం విషయంలో 2018 ఆగస్టు 24 నాటి సుప్రీంకోర్టు తీర్పు ముఖ్యమైనది. జస్టిస్ ఎస్.ఎ.బోబ్డే, జస్టిస్ ఎల్.నాగేశ్వరరావుల ధర్మాసనం దీన్ని వెలువరించింది. ఢిల్లీకి చెందిన ఆ కేసులో 2009లో భార్యకు అనుకూలంగా విడాకుల డిక్రీ వచ్చింది. భర్త హైకోర్టులో అప్పీలు చేసి స్టే పొందాడు. 2011లో ఇద్దరూ రాజీ కుదుర్చుకున్నారు. అప్పీలు ఉపసంహరణకు దరఖాస్తు చేసిన భర్త, హైకోర్టు దానిపై ఉత్తర్వు ఇవ్వడానికి కొద్ది రోజుల ముందే, డిసెంబరు 6న మరో వివాహం చేసుకున్నాడు. డిసెంబరు 20న అప్పీలు ఉపసంహరణ రూపంలో ముగిసింది. తర్వాత ఆ రెండో వివాహంలోనూ విభేదాలు తలెత్తి, అప్పీలు పెండింగులో ఉండగా జరిగిన పెళ్లి చెల్లదన్న వాదన ముందుకొచ్చింది.

సుప్రీంకోర్టు ఆ వాదనను అంగీకరించలేదు. అప్పీలు పెండింగులో ఉండగా మరో పెళ్లి జరిగితే, తర్వాత డిక్రీ రద్దయినప్పుడు తలెత్తే చిక్కులను నివారించడమే 15వ సెక్షన్ ఉద్దేశమని వివరించింది. రాజీ కుదుర్చుకుని, కేసును కొనసాగించబోమని స్పష్టంగా నిర్ణయించుకున్నవారికి ఆ నిషేధం వర్తించదని, రెండో వివాహం శూన్యం కాదని తేల్చింది.

రెండో ముఖ్యమైన తీర్పు హైదరాబాద్ నుంచి వెళ్లిన కేసులో వచ్చింది. విడాకుల డిక్రీపై గడువు దాటాక దాఖలైన అప్పీలు పెండింగులో ఉండగా జరిగిన పునర్వివాహం చెల్లుతుందా అన్నది అందులోని వివాదం. 2020 ఫిబ్రవరి 19న జస్టిస్ ఇందిరా బెనర్జీ, జస్టిస్ ఎం.ఆర్.షాల ధర్మాసనం తీర్పు చెప్పింది. గడువులోగా దాఖలైన అప్పీలు ఉన్నప్పుడే 15వ సెక్షన్ నిషేధం వర్తిస్తుందని, ఆలస్యంగా వేసిన అప్పీలుకు అది వర్తించదని స్పష్టం చేసింది. డిక్రీపై స్టే ఉన్నా, పునర్వివాహం చేసుకోరాదని కోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చినా మాత్రం పరిస్థితి వేరని పేర్కొంది.

ఈ రెండు కేసులూ గైర్హాజరు కొట్టివేతకు నేరుగా సంబంధించినవి కావు. మొదటిది రాజీతో కూడిన ఉపసంహరణ, రెండోది గడువు మీరిన అప్పీలు. కానీ రెండింటిలోనూ ఒకే ఆలోచన కనిపిస్తుంది. విడాకులు పొందిన వ్యక్తిని ఎదుటివారి జాప్యం నిరవధికంగా కట్టిపడేయరాదు. అలాగే ఒక పక్షం కేసును కొనసాగించకూడదని కోరుకుందా లేదా అన్నది ఫైలులోని తేదీలను బట్టి కాక, ఆ పక్షం వాస్తవ ఉద్దేశాన్ని బట్టి చూడాలి. రాజీ పడినవారు తమ ఉద్దేశాన్ని రాతపూర్వకంగా చెప్పారు. వాయిదాకు రానివారి ఉద్దేశాన్ని మాత్రం కోర్టు వారి మౌనం నుంచి ఊహించుకోవలసి వస్తోంది.

పునరుద్ధరణకు 30 రోజులు

కొట్టివేసిన అప్పీలును తిరిగి చేపట్టాలని కోరే హక్కును 41వ ఆర్డరులోని 19వ నియమం కల్పిస్తుంది. పిలిచినప్పుడు హాజరు కాలేకపోవడానికి తగిన కారణం ఉందని నిరూపిస్తే కోర్టు అప్పీలును పునరుద్ధరిస్తుంది; అవసరమైతే ఖర్చులు చెల్లించాలన్న షరతు పెడుతుంది. పరిమితి చట్టం, 1963లోని 122వ అధికరణం ప్రకారం ఇందుకు గడువు కొట్టివేసిన తేదీ నుంచి 30 రోజులు. ఉత్తర్వు తెలిసిన రోజు నుంచి కాదు, ఉత్తర్వు ఇచ్చిన రోజు నుంచి లెక్క మొదలవుతుంది. గడువు దాటితే అదే చట్టంలోని 5వ సెక్షన్ కింద జాప్యాన్ని మన్నించాలని వేరుగా దరఖాస్తు చేసుకోవాలి.

అనారోగ్యం, ప్రమాదం, న్యాయవాది మరణం, కేసు జాబితాలోకి వచ్చిన సమాచారం అందకపోవడం వంటివి సాధారణంగా తగిన కారణాలవుతాయి. ఆధారాలు లేకుండా 'తెలియలేదు' అన్న ఒక్క మాట సరిపోదు. పదేపదే గైర్హాజరైనవారి పట్ల, స్టే తీసుకుని కావాలనే కేసును సాగదీసినవారి పట్ల కోర్టులు కఠినంగా ఉంటాయి.

కక్షిదారు మరణిస్తే పరిస్థితి వేరు. అది కేసును వదిలేయడం కాదు. విడాకుల డిక్రీ వల్ల బతికి ఉన్న జీవిత భాగస్వామి హోదా, ఆస్తి హక్కులు ప్రభావితమవుతాయి కాబట్టి, డిక్రీ పొందిన వ్యక్తి మరణించాక కూడా దాన్ని సవాలు చేసే హక్కు అవతలి పక్షానికి ఉంటుందని 1990ల్లో కర్ణాటక నుంచి వచ్చిన కేసులో సుప్రీంకోర్టు ప్రకటించింది. విడాకులు నిలిస్తే ఆమె మాజీ భార్య; నిలవకపోతే వితంతువు. పింఛను, వారసత్వం ఆ ఒక్క మాటపై ఆధారపడి ఉంటాయి.

న్యాయవాది రాకపోతే శిక్ష ఎవరికి?

న్యాయవాదిని నియమించుకుని, ఫీజు చెల్లించి, నమ్మకంతో ఊళ్లో ఉన్న కక్షిదారును న్యాయవాది గైర్హాజరుకు బాధ్యుణ్ని చేయరాదని 1981లో సుప్రీంకోర్టు చెప్పింది. కొట్టివేసిన అప్పీలును పునరుద్ధరిస్తూ, ఖర్చులను హాజరు కాని న్యాయవాది నుంచే రాబట్టాలని ఆదేశించింది. అయితే 1993 నాటి మరో తీర్పులో ఇది అన్నివేళలా వర్తించే సూత్రం కాదని స్పష్టం చేసింది. తన కేసును తాను గమనించుకోగల స్థితిలో ఉన్నవారు నెపాన్ని న్యాయవాదిపై నెట్టి తప్పించుకోలేరన్నది దాని సారాంశం.

వైవాహిక కేసుల్లో ఒక విచిత్ర పరిస్థితి కూడా ఉంది. కుటుంబ న్యాయస్థానాల చట్టం 13వ సెక్షన్ ప్రకారం ఆ కోర్టులో న్యాయవాదిని పెట్టుకోవడం హక్కు కాదు. దంపతులు స్వయంగా వచ్చి మాట్లాడుకోవాలన్నది చట్టం ఉద్దేశం. అదే కేసు హైకోర్టుకు వెళ్లగానే కక్షిదారు పాత్ర దాదాపు ముగిసిపోతుంది. అన్నీ న్యాయవాది ద్వారానే నడుస్తాయి. కింది కోర్టులో ప్రతి వాయిదాకూ హాజరైన స్త్రీ, హైకోర్టులో తన కేసు ఎప్పుడు పిలిచారో కూడా తెలుసుకోలేని స్థితికి చేరుతుంది.

అప్పీళ్లను వీలైనంత త్వరగా విచారించాలని, ప్రతివాదికి నోటీసు అందిన మూడు నెలల్లో ముగించేందుకు ప్రయత్నించాలని హిందూ వివాహ చట్టం 21బి సెక్షన్ చెబుతోంది. ఆచరణలో ఏళ్లు గడుస్తున్నాయి. కేసు మూడు నెలల్లో తేలితే దాన్ని మధ్యలో వదిలేసేవారు అరుదు. కనుక గైర్హాజరును పూర్తిగా కక్షిదారు నిర్లక్ష్యంగా భావించడం న్యాయం కాదు. జాప్యంలో వ్యవస్థకూ వాటా ఉంది.

అవతలి గట్టున ఉన్నవారి మాట

అయితే అప్పీలుదారు పట్ల సానుభూతి ఒక్కటే చాలదు. ప్రతివాది కోణంలోనూ చూడాలి. విడాకులు గెలిచినా అప్పీలు పెండింగులో ఉండటంతో ఆ వ్యక్తి జీవితం ఆగిపోతుంది. ముప్పై ఏళ్ల వయసులో డిక్రీ పొందిన స్త్రీకి అప్పీలు తేలేసరికి నలభై దాటితే, గెలిచిన తీర్పుకు విలువేముంటుంది? మళ్లీ పెళ్లి కాకుండా అడ్డుకోవడానికే అప్పీలు వేసి, ఆపై పట్టించుకోని వారూ ఉంటారు. అలాంటి అప్పీళ్లను కోర్టు కొట్టివేయడం ప్రతివాదికి దక్కిన న్యాయమే.

భరణం ఎగవేసేందుకు అప్పీలును సాధనంగా వాడుకునేవారు మరో తరగతి. మధ్యంతర భరణం చెల్లించాలన్న ఉత్తర్వును ఉద్దేశపూర్వకంగా ఉల్లంఘిస్తే, చివరి అస్త్రంగా ఆ పక్షం వాదనను కొట్టివేయవచ్చని 2020 నవంబరు 4న సుప్రీంకోర్టు భరణంపై మార్గదర్శకాలు ఇస్తూ పేర్కొంది. ఇక అప్పీలే పోతే భరణం బకాయిలు పోతాయనుకోవడం పొరపాటు. కింది కోర్టు విధించిన శాశ్వత భరణం అలాగే అమల్లో ఉంటుంది. బకాయిల వసూలుకు అమలు పిటిషన్ వేసుకోవచ్చు. పరిస్థితులు మారితే భరణాన్ని సవరించాలని 25వ సెక్షన్ కింద, పిల్లల సంరక్షణ ఉత్తర్వులను మార్చాలని 26వ సెక్షన్ కింద కోరే వీలు ఇరుపక్షాలకూ ఉంటుంది.

అప్పీలును కొనసాగించే ఉద్దేశం లేనివారికి మౌనం కంటే మెరుగైన మార్గం ఉంది. హైకోర్టు మధ్యవర్తిత్వ కేంద్రంలో రాజీ కుదుర్చుకుని, పరస్పర అంగీకారంతో విడాకులు కోరవచ్చు. 13బి సెక్షన్‌లోని ఆరు నెలల నిరీక్షణను తగిన సందర్భాల్లో మినహాయించవచ్చని 2017లో సుప్రీంకోర్టు చెప్పింది. తిరిగి కలవలేనంతగా బంధం తెగిపోయిందన్న కారణంతో విడాకులు ఇచ్చే ప్రత్యేక అధికారం 142వ అధికరణం కింద తనకు ఉందని 2023 మే 1న రాజ్యాంగ ధర్మాసనం ప్రకటించింది. కానీ ఆ అధికారం సుప్రీంకోర్టుది, హైకోర్టులకు లేదు. పరస్పర ఒప్పందంతో అప్పీలు దశలోనే ముగించుకోగలిగితే ఢిల్లీ దాకా ప్రయాణం తప్పుతుంది.

చేయగలిగినవి

కొట్టివేతకు ముందు కక్షిదారుకు నేరుగా ఒక నోటీసు పంపడం వైవాహిక అప్పీళ్లలో తప్పనిసరి నియమం కావడం మంచిది. న్యాయవాదికి తెలిసిందంటే కక్షిదారుకూ తెలిసినట్టే అన్న భావన ఆస్తి కేసుల్లో సరిపోవచ్చు; వ్యక్తి హోదాను తేల్చే కేసులో సరిపోదు. ఫోనుకు సంక్షిప్త సందేశం పంపడం ఇవాళ ఖర్చుతో కూడిన పని కాదు. సందేశం అందినా స్పందన లేకపోతే అప్పుడు జరిగే కొట్టివేతను ఎవరూ తప్పుపట్టలేరు. పునరుద్ధరణ దరఖాస్తులో 'తెలియలేదు' అన్న సాకుకూ చోటు ఉండదు. అంటే ఆ ఒక్క నోటీసు అప్పీలుదారుకు ఎంత రక్షణో, ప్రతివాదికీ అంతే రక్షణ.

కక్షిదారులు తమవంతుగా తీసుకోవలసిన జాగ్రత్తలూ ఉన్నాయి. ప్రతి కేసుకూ 16 అక్షరాలు, అంకెల సీఎన్ఆర్ సంఖ్య ఉంటుంది. దాన్ని రాసి ఉంచుకుంటే ఈ-కోర్ట్స్ యాప్‌లో తదుపరి వాయిదా ఎప్పుడో, కేసు ఏ దశలో ఉందో సూరత్ నుంచైనా, సిరిసిల్ల నుంచైనా ఉచితంగా చూసుకోవచ్చు. చిరునామా, ఫోను నంబరు మారితే న్యాయవాదికి రాతపూర్వకంగా తెలపాలి. న్యాయవాదిని మార్చితే కొత్త వకాలత్ దాఖలైందో లేదో నిర్ధారించుకోవాలి.

ఫీజు చెల్లించలేక కేసును వదిలేయవలసిన అవసరం స్త్రీలకు లేదు. న్యాయసేవల ప్రాధికార సంస్థల చట్టం, 1987లోని 12వ సెక్షన్ ప్రకారం ఆదాయంతో నిమిత్తం లేకుండా ప్రతి మహిళా ఉచిత న్యాయ సహాయానికి అర్హురాలు. ఎస్సీ, ఎస్టీ వర్గాలవారు, పారిశ్రామిక కార్మికులు కూడా ఇదే సెక్షన్ పరిధిలోకి వస్తారు. హైకోర్టుల్లోనూ న్యాయ సేవల కమిటీలు పనిచేస్తున్నాయి. జాతీయ సహాయ నంబరు 15100కు ఫోన్ చేసి వివరాలు తెలుసుకోవచ్చు.

విడాకులు పొంది మళ్లీ పెళ్లి చేసుకోదలచినవారు మాత్రం ఒక నియమం పాటించడం మేలు. అప్పీలు గైర్హాజరుతో కొట్టివేతకు గురైన రోజే ముహూర్తం పెట్టుకోకుండా, కనీసం పునరుద్ధరణకు ఉన్న 30 రోజులు గడిచే వరకు ఆగాలి. ఆ తర్వాత దరఖాస్తు ఏదైనా దాఖలైందా అని రికార్డుల్లో పరిశీలించి, కొట్టివేత ఉత్తర్వు ధ్రువీకృత ప్రతిని తీసుకుని భద్రపరచుకోవాలి. రేపు వివాదం తలెత్తితే సద్బుద్ధితో నడుచుకున్నామని చెప్పేందుకు ఆ కాగితమే ఆధారం.

కేసును కొనసాగించాలా, వద్దా అన్నది కక్షిదారు ఇష్టం. వద్దనుకుంటే ఆ మాట కోర్టుకు చెప్పి ఉపసంహరించుకోవచ్చు. ఇరుపక్షాలకూ స్పష్టత వస్తుంది. కావాలనుకుంటే దూరం, డబ్బు, సమాచారలోపం ఆ హక్కును హరించకుండా చూడవలసిన బాధ్యత వ్యవస్థది. ఈ రెంటికీ మధ్య, ఎవరూ నిర్ణయించకుండానే ఒక వివాహం భవితవ్యం తేలిపోయే పరిస్థితి అప్పీలుదారుకూ, ప్రతివాదికీ, న్యాయస్థానానికీ మేలు చేసేది కాదు.